కాన్వాస్‌లో పట్టని పాలమూరు, నల్లగొండ

నాగార్జునసాగర్ కడితే కృష్ణ లోయ మునుగుతుందని ముందే తెలుసు. అందుకే 1955 డిసెంబర్ 10న నెహ్రూ శంకుస్థాపన చేయడానికి ఏడాది ముందే పురావస్తు శాఖ నాగార్జునకొండలో తవ్వకాలు మొదలుపెట్టింది. 1960 దాకా తవ్వారు. ఇక్ష్వాకుల రాజధాని విజయపురి బయటపడింది. కొన్ని కట్టడాలను విప్పి తెచ్చి కొండ మీద, కొన్నిటిని అనుపు దగ్గర మళ్లీ కట్టారు. ఆ కొండ ఇప్పుడు ద్వీపం, దాని మీద మ్యూజియం. నల్లగొండ వైపు ఒడ్డున ఏలేశ్వరాన్ని కూడా తవ్వి, దొరికినవి తీసుకుని, వివరాలు పుస్తకంగా అచ్చేసి, తర్వాత నీళ్లకు వదిలేశారు.

అదే లోయలో నిన్నటిదాకా పొయ్యి వెలిగిన ఊళ్లు కూడా మునిగాయి. వాటి గడపలు, పీర్ల చావిళ్లు, బొడ్రాయిలు పురావస్తువుల లెక్కలోకి రావు. పదిహేడు వందల ఏళ్ల కిందటి శిల్పం మ్యూజియానికి చేరింది. తాత కట్టిన ఇంటి దర్వాజా నష్టపరిహారం ఫైలుకు చేరింది. ఆ దర్వాజా దగ్గర ఎవరు కూర్చునేవాళ్లు, ఏ పండుగకు దానికి ఏ తోరణం కట్టేవాళ్లు అన్నది రెండు చోట్లా లేదు.

‘జ్ఞాపకం, అస్తిత్వం, చరిత్రలను అన్వేషించే బహుమాధ్యమ దృశ్య కళాకారులు’ అని ఎగ్జిబిషన్ బ్రోచర్లలో కనిపించేవాళ్లు పనిచేసేది ఈ ఖాళీలోనే. ఆ పరిచయం చదవడానికే ఊపిరి బిగబట్టాలి. గ్యాలరీ లోపలికి వెళ్తే ఇంకా అయోమయం. గోడకు ఒక పెయింటింగు, కింద మట్టి కుప్ప, మూలన స్పీకర్‌లోంచి ఒక ముసలమ్మ గొంతు, పక్కన పాత రేషన్ కార్డు జిరాక్సు. ‘ఇంతకీ బొమ్మ ఏది?’ అని అడిగేవాళ్లను చూసి నవ్వాల్సిన పనిలేదు. న్యాయమైన ప్రశ్నే అది. దానికి జవాబు కళా సిద్ధాంతాల పుస్తకాల్లో కంటే మన పాత రెండు జిల్లాలు, పాలమూరు (మహబూబ్‌నగర్), నల్లగొండల్లోనే తేలిగ్గా దొరుకుతుందని నా అభిప్రాయం.

ముందు ఆ మూడు మాటల చిక్కు విప్పుకుందాం. చరిత్రకు సాక్ష్యం కావాలి: శాసనం, ఫర్మానా, పహాణీ, పత్రిక. జ్ఞాపకానికి సాక్ష్యం అక్కర్లేదు, మోసే మనిషి ఉంటే చాలు. అది తప్పు కావచ్చు, చెప్పిన ప్రతిసారీ కొంచెం మారవచ్చు. ఆ జ్ఞాపకాల్లోంచి కొన్ని ఏరుకుని, కొన్ని పక్కన పెట్టి, ‘మేము ఫలానా’ అని నలుగురిలో నిలబడి చెప్పుకుంటే అది అస్తిత్వం. ఏరుకునేటప్పుడే పేచీ వస్తుంది. నిజాం లొంగిపోయిన 1948 సెప్టెంబర్ 17 తేదీ మీద ఎవరికీ అనుమానం లేదు. కానీ ఆ రోజు విమోచనమా, విలీనమా, విద్రోహమా అన్నది ఇప్పటికీ తేలలేదు. 2022లో కేంద్రం దాన్ని విమోచన దినంగా జరిపితే రాష్ట్రం సమైక్యతా దినంగా జరిపింది. 2024లో కొత్త ప్రభుత్వం ప్రజాపాలన దినోత్సవం అంది. తేదీ చరిత్రది, పేరు అస్తిత్వానిది. ఆ రోజుల్లో పోలీసు క్యాంపుకు భయపడి జొన్న చేలో దాక్కున్న పిల్ల, ఇప్పుడు అవ్వ అయ్యి ఉంటే, ఆమెకు గుర్తున్నది బహుశా ఈ పేర్లలో దేనికీ అతకదు.

ఉమ్మడి నల్లగొండలో ఈ పేచీని నేల మీదే చూడొచ్చు. 1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య చనిపోయాడు. ఆ ఊరు అప్పుడు నల్లగొండ జిల్లాలోది, ఇప్పుడు జనగామలో ఉంది. ఆ తర్వాత సాగిన తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటంలో పోయినవాళ్ల కోసం కట్టిన ఎర్ర స్తూపాలు ఊరూరా కనిపిస్తాయి. వాటిని రూపుదిద్దింది ఏ ఆర్టు కాలేజీ శిల్పీ కాదు. ఊరి మేస్త్రి సిమెంటుతో మెట్లు కట్టి, పైన సుత్తీ కొడవలి నిలబెట్టి, పేర్లు రాయించి, ఏటా వర్ధంతికి మళ్లీ ఎర్ర రంగు వేయిస్తారు. ఇదే జిల్లాలో, ఆ పోరాటం ఇంకా ముగియకముందే, 1951 ఏప్రిల్ 18న పోచంపల్లిలో వినోబా భావే ముందు వెదిరె రామచంద్రారెడ్డి వంద ఎకరాలు ఇస్తానని ప్రకటించాడు. ఊరి పేరే భూదాన్ పోచంపల్లి అయింది. భూమి కోసం ప్రాణమిచ్చినవాడి గుర్తూ, భూమి దానమిచ్చినవాడి గుర్తూ బస్సులో ఒక పూట ప్రయాణంలో రెండూ తగులుతాయి. ఈ రెండిటినీ ఒకే ఫ్రేములో పెట్టిన బొమ్మ ఏదైనా సరే, ఎవరో ఒకరికి కోపం తెప్పించకుండా ఉండదు.

రాష్ట్రం వచ్చాక ఈ ఏరుకోవడం ఇంకా పెద్ద స్థాయికి వెళ్లింది. 2014లో తెలంగాణ రాజముద్ర గీసిన ఏలె లక్ష్మణ్ ఈ ప్రాంతం మనిషే. కదిరేనిగూడెంలో నేత కుటుంబంలో పుట్టి, సైన్‌బోర్డులు రాసి, చిత్రకారుడిగా పేరు తెచ్చుకున్నాడు. కాకతీయ తోరణం, అందులో చార్మినార్. పదేళ్లు తిరిగేసరికి, 2024లో, ఆ రెండూ రాచరికపు గుర్తులు కాబట్టి మార్చాలని ప్రభుత్వం అంది. గొడవ లేచింది, మార్పు ఆగింది. అదే ఏడాది డిసెంబర్ 9న సచివాలయంలో పెట్టిన తెలంగాణ తల్లి విగ్రహానికి కిరీటం లేదు, చేతిలో బతుకమ్మ లేదు. బొమ్మలతో మనకేం పని అనుకునేవాళ్లు కూడా ఆ నెల టీవీల ముందు కూర్చుని కిరీటం ఉండాలా వద్దా అని వాదించుకున్నారు. దృశ్య కళ అస్తిత్వాన్ని ఎట్లా పట్టి ఊపుతుందో చెప్పడానికి ఇంతకంటే ఉదాహరణ అక్కర్లేదు.

ప్రభుత్వానికి ఒక గుర్తు సరిపోవాలి. లెటర్‌హెడ్ మీద ఒకటే ముద్ర పడుతుంది. కళాకారుడికి ఆ బాధ లేదు, అదే అతని అసలు సౌకర్యం. కిరీటం ఉన్న తల్లినీ లేని తల్లినీ పక్కపక్కన పెట్టి, రెండిటినీ నమ్మిన ఒకే ఆడమనిషి మాటలు రికార్డు చేసి వినిపించొచ్చు.

ఇక మాధ్యమాల సంగతి. ఒకే మనిషి పెయింటింగు, ఫొటో, వీడియో, బట్ట, శబ్దం అన్నీ ఎందుకు పట్టుకోవాలి? ఫ్యాషన్ అని కొందరంటారు. కొన్ని ఎగ్జిబిషన్లు చూస్తే వాళ్ల మాట నిజమే అనిపిస్తుంది. కానీ ఈ ప్రాంతంలో జ్ఞాపకం ఎక్కడెక్కడ దాక్కుని ఉందో చూస్తే సంగతి అర్థమవుతుంది. అది కాగితంలో తక్కువ. నూలులో ఉంది, పాటలో ఉంది, నీళ్ల కింద ఉంది, మోకాళ్ల ఎముకల్లో ఉంది. ఎక్కడుందో అక్కడి వస్తువుతోనే దాన్ని పట్టుకోవాల్సి వస్తుంది.

పుట్టపాక తేలియా రుమాలు తీసుకోండి. నూలును నూనెలో, ఆముదపు కాయల బూడిద నీళ్లలో రోజుల తరబడి నానబెట్టి పిసుకుతారు. ఎరుపు, నలుపు, తెలుపు, ఇవే రంగులు. చీరాలలో మొదలైన ఈ పని పుట్టపాకలో నిలిచింది. ఒకప్పుడు ఈ రుమాళ్లు అరబ్బు దేశాలకు పోయేవి. బేరగాళ్ల కోరిక మీద గడియారాలు, విమానాలు కూడా నేసేవాళ్లు. అంటే విమానం ఎక్కని నేతగాడి చేతిలోంచి విమానం బయటికి వచ్చింది. దీన్ని ఫొటో తీసి గోడకు తగిలిస్తే డిజైన్ కనిపిస్తుంది, నూనె వాసన పోతుంది. తేలియాలో పేరుకు తగ్గట్టు నూనే సగం సంగతి. బట్టను బట్టగానే, ముట్టుకుని వాసన చూసేలా పెట్టిన కళాకారిణి ఇక్కడ గొప్పకు పోలేదు, వేరే దారి లేక అట్లా చేసింది.

ఆసు పని ఇంకా గట్టి ఉదాహరణ. చిటికి కట్టే ముందు, అంటే రంగు అంటకుండా నూలును అక్కడక్కడ ముడులు వేసే ముందు, దాన్ని కొయ్యల చుట్టూ తిప్పాలి. ఒక్క చీరకు చేయి కొన్ని వేల సార్లు ముందుకూ వెనక్కూ పోతుంది. ఇది ఎక్కువగా ఆడవాళ్ల పని. తల్లి భుజం నొప్పి చూడలేక చింతకింది మల్లేశం ఆసు యంత్రం చేశాడు, 2017లో పద్మశ్రీ వచ్చింది. యంత్రం కథ పేపర్లలో ఉంది. యంత్రం రాకముందు ఆసు పోసిన లక్షల చేతుల కదలిక ఎక్కడుంది? చీరలో కనిపించదు. చీరను చూసి ‘ఎంత అందం’ అంటాం, అంతే. ఆ కదలికను పట్టాలంటే వీడియో కావాలి, అదీ రెండు నిమిషాల రీలు కాదు. చూసేవాడికి విసుగు పుట్టేంత పొడవైనది. విసుగు పుట్టించడం కళా పద్ధతి కావచ్చా అని అడిగితే, ఈ ఒక్క చోట కావచ్చు అంటాను.

బొమ్మ, పాట, కథ, వాద్యం కలిపి ఒకే చోట పెట్టడం మనకు కొత్తేమీ కాదు. పద్మశాలీలకు కూనపులివాళ్లు పటం విప్పి మార్కండేయ పురాణం చెప్తారు. ముదిరాజులకు కాకిపడగలవాళ్లు, గొల్లలకు మందెచ్చులవాళ్లు. మందెచ్చులవాళ్లు కొయ్యబొమ్మలు నిలబెట్టి కాటమరాజు కథ నడుపుతారు. మాదిగలకు డక్కలివాళ్లు జాంబపురాణం చెప్తారు. ఆ పురాణం ప్రకారం భూమి కంటే ముందు పుట్టినవాడు జాంబవంతుడు, మాదిగల మూలపురుషుడు. అందరికంటే కింద అని ఊరు ఎవరిని నిలబెట్టిందో వాళ్లు ఆ రాత్రి పటం ముందు అందరికంటే పాతవాళ్లు, పెద్దవాళ్లు. బహుమాధ్యమ కళ అంటే ఇదే, జ్ఞాపకంతో అస్తిత్వాన్ని నిలబెట్టడం అంటే ఇదే. తేడా ఒకటే: ఇప్పటి కళాకారుడికి ప్రదర్శనను కూర్చిపెట్టే క్యూరేటర్ ఉంటాడు, డక్కలి కళాకారుడికి అడిగి పెట్టించుకునే హక్కు ఉండేది, ఆ కులం అతనికి పెట్టాల్సిన బాధ్యత ఉండేది.

అదే డక్కలి కిన్నెర పాలమూరులో పండుగ సాయన్న కథ మోసుకొచ్చింది. ఉన్నవాళ్లను కొట్టి లేనివాళ్లకు పెట్టినవాడని పాట చెప్తుంది. పన్నెండు మెట్ల కిన్నెరతో ఆ పాట పాడిన దర్శనం మొగిలయ్యకు 2022లో పద్మశ్రీ వచ్చింది. పోలీసు రికార్డు దృష్టిలో సాయన్న లాంటివాడు దొంగే అవుతాడు. రికార్డునూ పాటనూ ఎదురెదురుగా పెట్టడం చరిత్రకారుడికి ఒక అధ్యాయం. కళాకారుడికైతే ఒక గది, అందులో ఒక వైపు గోడ మీద కాగితం, ఇంకో వైపు చెవిలో తీగ.

ఈ పద్ధతికి మన దగ్గర ఒక పెద్దమనిషి అండ కూడా ఉంది. తెలంగాణలో తెలుగు కవులే లేరన్న మాటకు జవాబుగా సురవరం ప్రతాపరెడ్డి 1934లో 354 మంది కవులతో గోలకొండ కవుల సంచిక తెచ్చాడు. ఆయన స్వస్థలం గద్వాల దగ్గర. వాదించి ఊరుకోకుండా జాబితా చేసి ముందు పెట్టాడు. తర్వాత ఆంధ్రుల సాంఘిక చరిత్ర రాసినప్పుడు రాజుల యుద్ధాలు పక్కన పెట్టి, కావ్యాల్లోంచి తిండి, బట్ట, ఆటలు, మూఢనమ్మకాలు ఏరాడు. లేదన్న చోట ఉన్నదాన్ని చూపించడాన్ని ఇప్పుడు ‘కౌంటర్ ఆర్కైవ్’ అంటున్నారు. పేరు కొత్తది.

పాలమూరు లేబర్‌కు ఇంకా అట్లాంటి సంచిక రాలేదు. దేశంలో ఎక్కడ ఆనకట్ట కట్టినా, కాలువ తవ్వినా పాలమూరు గుంపులు వెళ్లాయి. మేస్త్రి అడ్వాన్సు ఇస్తాడు, కుటుంబం కదులుతుంది, పిల్లలు గుడారాల్లో పెరుగుతారు. వనపర్తి, గద్వాల సంస్థానాలకు కోటలున్నాయి, ప్యాలెస్‌లున్నాయి, రాజుల తైలవర్ణ చిత్రాలున్నాయి. తట్ట మోసినవాళ్లకు ఏమున్నాయి? మహా అయితే పెళ్లికి స్టూడియోలో, తాజ్‌మహల్ పరదా ముందు దిగిన ఒక ఫొటో. వాళ్లు కట్టినవి ఇంకా నిలబడే ఉన్నాయి కానీ ఏ డ్యామ్ శిలాఫలకం మీదా వాళ్ల పేరు ఉండదు, మంత్రి పేరు ఉంటుంది. ఆ పెళ్లి ఫొటోలు ఇంటింటికీ తిరిగి సేకరించి, ప్రతి ఫొటో పక్కన వాళ్లు పనిచేసిన ప్రాజెక్టు పేరు మాత్రం రాసి తగిలిస్తే చాలు. ఇంకో వివరణ అక్కర్లేదు. ఇది ఎవరైనా చేస్తే చూడాలని నాకు చాలా ఆశ.

శ్రీశైలం ముంపు దగ్గరికి వస్తే విషయం మళ్లీ రాయి దగ్గరికే వస్తుంది. కృష్ణా తుంగభద్రలు కలిసే కూడవెల్లిలోని చాళుక్యుల సంగమేశ్వరాలయాన్ని విప్పి అలంపురంలో మళ్లీ కట్టారు. చాలా మంచి పని. 1981లో మహబూబ్‌నగర్, కర్నూలు జిల్లాల ఊళ్లు ఖాళీ చేయించినప్పుడు మనుషులకు ఆ శ్రద్ధ దొరకలేదు. ఇంటికో ఉద్యోగం ఇస్తామన్న జీవో 98 కోసం నిర్వాసితుల కుటుంబాలు దశాబ్దాల తరబడి ఆఫీసుల చుట్టూ తిరిగాయి. ఇప్పుడు అడిగేది కొడుకులు, మనవళ్లు. ఊరు చూడని మనవడు ‘మా ఊరు’ అంటాడు. తాను అనుభవించని దాన్ని పెద్దల మాటలు, వాళ్ల మౌనం, ఇంట్లో మిగిలిన వస్తువుల ద్వారా సొంత జ్ఞాపకంలా మోయడాన్ని పరిశోధకురాలు మరియాన్ హిర్ష్ ‘పోస్ట్‌మెమరీ’ అంది. యూరప్‌లో యూదుల ఊచకోత నుంచి బయటపడినవాళ్ల పిల్లల గురించి ఆలోచిస్తూ ఆమె ఆ మాట తెచ్చింది. కృష్ణ మీది సోమశిల ఒడ్డున నిలబడి నీళ్లలోకి వేలు చూపించే కుర్రాడికి కూడా అది సరిపోతుంది.

జ్ఞాపకం మీద పని అంటే అన్ని మాధ్యమాలూ వాడి తీరాలని రూలేం లేదు. అలీగఢ్‌లో పుట్టిన కళాకారిణి జరీనా హష్మీ 1999లో ‘హోమ్ ఈజ్ ఎ ఫారిన్ ప్లేస్’ పేరుతో 36 చెక్క అచ్చులు వేసింది. ఒక్కో దాంట్లో ఒక ఉర్దూ మాట, కొన్ని గీతలు. గడప, వాకిలి, గోడ. దేశ విభజనతో చెదిరిన కుటుంబం మొత్తం ఆ నలుపు తెలుపుల్లో ఉంది. ఒక్క మాధ్యమం, దాని పని అది చేసింది. కాబట్టి మంచిదేదో చెడ్డదేదో తేల్చడానికి నేను వాడే పరీక్ష చాలా మోటుది: ఇందులోంచి ఒక వస్తువు తీసేస్తే ఏమైనా పోతుందా? మట్టి కుప్ప తీసేసినా ఏమీ పోకపోతే ఆ మట్టి అలంకారానికి వచ్చింది. పాత ట్రంకు పెట్టె, తుప్పు తాళం, నాలుగు ఉత్తరాలు, పక్కన రెండు పేజీల వివరణ పెట్టి ‘జ్ఞాపకం’ అనడం ఈ మధ్య ఎక్కువైంది. వివరణ చదివితే తప్ప ఆ పెట్టె ఎవరిదో తెలియదు, చదివాక పెట్టెతో పనిలేదు.

నల్లగొండ దగ్గర మాత్రం అన్నిటికంటే కష్టమైన ప్రశ్న వస్తుంది. గ్రానైట్ రాళ్లలోని ఫ్లోరైడ్ బోరు నీళ్లలో కరుగుతుంది. లీటరుకు ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటిన నీళ్లు ఏళ్ల తరబడి తాగితే పళ్లు గారపడతాయి, ఎముకలు వంగుతాయి. మర్రిగూడ, మునుగోడు వైపు తరాలకు తరాలు అట్లా వంగిపోయాయి. నాగపూర్ శాస్త్రవేత్తలు పటిక, సున్నం వాడి ఫ్లోరైడ్ తగ్గించే పద్ధతి కనిపెడితే దానికి నల్లగొండ టెక్నిక్ అని పేరు పెట్టారు. ఆ పేరుతో అది టాంజానియా దాకా పోయింది. మా జిల్లా పేరు ప్రపంచానికి అట్లా తెలిసింది.

ఆ వంగిన కాళ్లను ఫొటో తీయని విలేకరి లేడు. ఆ ఫొటోల వల్ల మేలు జరిగింది, కృష్ణా నీళ్లు రావడంలో వాటి పాత్ర ఉంది, కాదనలేం. కానీ ఒకే మనిషిని ఎన్నోసార్లు నిలబెట్టి, ‘అవ్వా, కొంచెం ఇటు తిరుగు’ అని తీసిన బొమ్మల్లో ఆమెకు వంట బాగా వచ్చనీ, కోపం ఎక్కువనీ ఎక్కడా కనిపించదు. వాదానికి పనికొచ్చిన బొమ్మ మనిషిని మింగేసింది. ఈ విషయం మీద పనిచేసే కళాకారుడు మళ్లీ కాళ్లే చూపిస్తే కొత్తగా చేసిందేముంది? బావి లోతు గీయొచ్చు. తాతల కాలంలో చేదతో అందిన నీళ్లు ఎన్ని అడుగుల కిందికి పోయాయో గోడ నిలువునా గీత గీసి చూపొచ్చు. గ్రానైట్ ముక్కనూ గ్లాసు నీళ్లనూ పక్కన పెట్టొచ్చు. ఆమె గొంతుతో ఆమెకు నచ్చిన ముచ్చట వినిపించొచ్చు, అది జబ్బు గురించి కాకపోయినా సరే. మనిషి దేహాన్ని చూపించాలంటే ఆమె ఒప్పుకోలు కావాలి, అదీ ఫారం మీద వేలిముద్ర రకం కాదు. బొమ్మ ఎక్కడ పెడతారో, ఎవరు చూస్తారో, అమ్మితే డబ్బు ఎవరికో తెలిశాక ఇచ్చింది కావాలి.

చివరికి ఎక్కడ పెడతారన్నదే మొండి సమస్య. ఇట్లాంటి పని ఎక్కువగా హైదరాబాద్ మాదాపూర్‌లోని స్టేట్ ఆర్ట్ గ్యాలరీలోనో, రెండేళ్లకోసారి జరిగే కళా ప్రదర్శన కొచ్చి బియనాలేలోనో, ఢిల్లీలోనో కనిపిస్తుంది. సూర్యాపేట జిల్లా ఫణిగిరిలో దొరికిన బౌద్ధ తోరణం 2023లో న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియం దాకా వెళ్లి ప్రదర్శనలో నిలబడింది. ఫణిగిరి పిల్లల్లో ఎంతమంది దాన్ని దగ్గర్నుంచి చూశారో చెప్పనక్కర్లేదు. ఒడిశాలో గనులు మింగుతున్న భూముల మీద సినిమా దర్శకుడు అమర్ కన్వర్ చేసిన ‘ది సావరిన్ ఫారెస్ట్’లో సినిమాలతో పాటు రకరకాల నాటు వరి విత్తనాలు కూడా ఉన్నాయి. అది విదేశాల్లో ఆడింది, కానీ భువనేశ్వర్‌లోనూ చాలాకాలం తెరిచి పెట్టారు. అక్కడి జనం వచ్చి చూశారు, తమ దగ్గరున్నవి తెచ్చి ఇచ్చారు. మన దగ్గర పానగల్లులో మ్యూజియం ఉంది, మహబూబ్‌నగర్ పిల్లలమర్రి దగ్గర మ్యూజియం ఉంది. రెండిట్లో శిల్పాల పక్కన ఒక గది ఖాళీ చేస్తే చాలు. అది కుదరకపోతే ఊరి బడి, ఫంక్షన్ హాలు, శివరాత్రికి ఏలేశ్వరం గట్టుకు లాంచీలు కదిలే రేవు. మునిగిన ఊళ్ల వాళ్ల పిల్లలు కూడా ఆ రోజు ఆ లాంచీలు ఎక్కేవాళ్లలో ఉంటారు.

ఎగ్జిబిషన్ అయిపోయాక రికార్డింగులు ఎవరి హార్డ్ డిస్క్‌లో ఉంటాయన్నది ముందే కాగితం మీద రాసుకోవడం మంచిది. కళాకారుడి ఇంట్లో ఒక కాపీ, ఊరి గ్రంథాలయంలో ఒకటి, గొంతు ఇచ్చినామె కుటుంబం దగ్గర పెన్‌డ్రైవ్‌లో ఒకటి. పెద్ద ఖర్చు కాదు. చాలామంది చేయరు.